మిగులు లేని బెల్లం

కోటగోడ ఓ నిలువు పైకి లేచినప్పుడల్లా రాజుగారు కూలీలకు అచ్చుబెల్లం పంపేవారు. ఆ అచ్చులను పొడవు, వెడల్పు, ఎత్తుల్లో అచ్చుల లెక్క సమానంగా ఉండేలా గుట్టగా పేర్చడం రాళ్లు మోసే గవరమ్మ పని. ఆ గుట్ట పైమూల నుంచి అదే ఆకారంలో చిన్న గుట్ట తీసుకోవడం కోటపనుల పెత్తనం చూసే చెంచురాయుడి హక్కు. కూలీలు ఎన్ని బంతులుగా వరసకట్టి కూర్చోవాలో కూడా ఆయనే చెప్పేవాడు. బంతులకు సమంగా పంచగా మిగిలినవీ ఆయనవే కనుక, బాగా మిగిలే లెక్కే చెప్పేవాడు.

ఈసారి పంపకం చూడటానికి రాజుగారే వచ్చారు. గవరమ్మ చేతులు కట్టుకుని, "బాబుగారిని ముందు కావలసినంత తీసుకోనివ్వండి మహాప్రభూ. బంతులెన్నో తర్వాత మేం చెప్పుకుంటాం" అంది. రాజుగారు సరేనన్నారు.

ఎలా కూర్చున్నా ఎంతో కొంత మిగలకపోతుందా అనుకుని, చెంచురాయుడు పొడవు, వెడల్పు, ఎత్తు పదేసి అచ్చులున్న గుట్టలోంచి ఏడేసి అచ్చుల గుట్ట లాగేసుకున్నాడు.

గవరమ్మ ఒక్క చూపు చూసి, "మూడు బంతులు" అంది.

పదిలో ఏడు పోగా కింద అరుగులా, వెనకా పక్కనా గోడల్లా మిగిలిన మూడు భాగాలూ మూడేసి అచ్చుల మందమే. ప్రతి బంతికీ మూడింట్లోంచీ ఒక్కో పొర తీసి ఇచ్చింది. ఒక్క అచ్చు కూడా మిగల్లేదు.

చెంచురాయుడి మొహం మాడిపోయింది. "వచ్చేసారి ఒక్క పొర మందమే వదులుతాను. అప్పుడేం చేస్తావు?"

"అందరం ఒకే బంతిలో కూర్చుంటాం బాబూ" అంది గవరమ్మ. "అంత తిన్నాక కూడా మీకు ఆకలైతే, చివర్న మీకూ ఓ విస్తరి వేస్తాం."