న్యాయకిన్నెర

శంఖపాలుడనే గురువు ప్రశ్నకు జవాబు చెప్పేవాడు కాదు, కథ చెప్పేవాడు. అడిగినవాడు అందులో తన జవాబు తానే వెతుక్కోవాలి. దొరకనివాళ్ళు హాయిగా భోజనానికి వెళ్ళిపోయేవారనీ, దొరికినవాళ్ళకే ఆ పూట ముద్ద దిగేది కాదనీ ఆయన దగ్గర చదువుకున్నవాళ్ళు చెబుతారు.

ఆయన శిష్యుల్లో సోమిలుడు మంచి గాయకుడు. ఒకసారి కరువు ఊళ్ళ కష్టాల మీద పాట కట్టి, ఓ శ్రీమంతుల పెళ్ళిలో పాడి వచ్చాడు. పెళ్ళివారంతా వెక్కి వెక్కి ఏడ్చారట. కుర్రవాడి కాళ్ళు నేలమీద ఆనడం లేదు. వచ్చీ రాగానే గురువుకు మొక్కి, "గురువుగారూ, విన్నవాళ్ళ చేత కన్నీళ్ళు పెట్టించాక పాటకు ఇంకా మిగిలిన పని ఏముంటుంది?" అని అడిగాడు. గురువు వీణ తుడుస్తున్న గుడ్డ పక్కన పెట్టి మొదలుపెట్టాడు.

ఆకాశంలో రెండు చందమామలుండే లోకంలో లవణకూటమనే రాజ్యం ఉండేది. అక్కడి రాజసభలో ఒక కిన్నెర ఉండేది. ఎంతటి విద్వాంసుడు మీటినా అది పలికేది కాదు. అన్యాయానికి గురైనవాళ్ళు తాకితే మాత్రం, సరిగమలు ఎరగని చేతుల్లో కూడా పలికేది. ఫిర్యాదు అబద్ధమైతే మూగగా ఉండేది. న్యాయం జరిగిన మరుక్షణం ఆ చేతుల్లో మళ్ళీ మూగబోయేది. రెండు చందమామలూ నిండిన మర్నాడు పొద్దున సభ తీరేది. కిన్నెర పలికితే, తీర్పు చెప్పి అమలు జరిపించేదాకా రాజు పచ్చి మంచినీళ్ళు ముట్టకూడదని తొలి రాజులు చట్టం చేశారు.

అంతా బాగానే ఉంది గాని ఆ నాదం మరీ మధురంగా ఉండేది. అదే కొంప ముంచింది. కొన్ని తరాలు గడిచేసరికి, ముందు పాట పూర్తిగా విందాం, ఫిర్యాదు తరవాత చూద్దామన్నారు. తరవాత సామంతులకు ఆసనాలు వేశారు. ఆ తరవాత, బాగా పలికించినవాళ్ళకు శాలువా కప్పడం వచ్చింది. ఇక ఫిర్యాదుకు పొద్దు చాలేది కాదు. రాజుగారు ఉపవాసం మాత్రం మానలేదు, కాకపోతే పాట ముగిసేదాకానే. ఖాళీ కడుపుతో వింటే సంగీతం బాగా ఒంటబడుతుందట. పెద్దలు ఊరికే పెడతారా ఆచారాలు?

మణిధ్వజుడు ఏలుతున్న రోజుల్లో కొమ్మక్క అనే కూలిమనిషి ఆ సభకు వచ్చింది. కోటకు కూతవేటు దూరంలో రాజుగారి ఉప్పుకొండ ఉంది. అందులో ఉప్పు తవ్వే గుహ కప్పు కూలి కొందరు చచ్చిపోతే, తప్పు గుహ అధికారిదేనని ఆమె భర్త బొల్లయ్య నలుగురిలో అన్నాడు. అన్నందుకు అదే గుహలో, అదే కప్పు కింద అతన్ని సంకెళ్ళతో కట్టేశారు. బీటలు వారిన ఉప్పుకప్పు అది. గట్టి వాన పడితే కరిగి కూలుతుంది.

ఆమె వేలు తగలగానే కిన్నెర పలికింది. సభంతా కళ్ళు తుడుచుకుంది. రాజు స్వయంగా దిగివచ్చి శాలువా కప్పి, ఆమె చేతిలో ఏదో మహిమ ఉందన్నాడు.

"మహిమ ఏముంది మారాజా," అంది కొమ్మక్క. "వాన రాకముందే నా పెనిమిటిని బయటికి తీయించండి. ఈ గుడ్డ నాకెందుకు?"

రాజు చెడ్డవాడేమీ కాడు. అప్పుడే ఆజ్ఞ ఇచ్చేవాడే. కాని ఇంతలో మంత్రి ఆయన చెవిలో ఒక మాట వేశాడు. మొగుడు ఇంటికొస్తే ఈమె చేతిలో కిన్నెర మూగబోతుంది, వచ్చే సభకు పొరుగు రాజులను పిలిచి ఉన్నాం, వాళ్ళకేం వినిపిస్తామన్నాడు. రాజు కాసేపు ఆలోచించి, వచ్చే సభకు రమ్మని ఆమెను పంపేశాడు.

వచ్చే సభనాటికి ఆకాశం నల్లబడి ఉంది. పొరుగు రాజులు తీరిగ్గా కూర్చున్నారు. కొమ్మక్క కిన్నెర ముందు కూర్చుంది గాని తాకలేదు. మీరు ఏడవడం ఒకసారి చూశాను, ముందు గుహకు మనుషుల్ని పంపండి, తరవాత మాట్లాడదామంది. పొరుగు రాజుల ముందు తల కొట్టేసినట్టయింది మణిధ్వజుడికి. మంత్రి లేచి చట్టం చదివాడు. కిన్నెర పలకకపోతే ఫిర్యాదు అబద్ధం. ఫిర్యాదు అబద్ధమైతే బొల్లయ్య దోషి. దోషి ఉండాల్సింది గుహలోనే.

ఆమె ఇంకేం చేస్తుంది? తీగమీద వేలు వేసింది.

పాట సగంలో ఉండగా సభామండపం కప్పు మీద తొలి చినుకులు పడ్డాయి. అవి విన్న క్షణాన కొమ్మక్క చేతిలో కిన్నెర పలికిన తీరు అంతకుముందు ఆ రాజ్యంలో ఎవరూ వినలేదు. మండపమంతా ఏడ్చింది. పొరుగు రాజులు ఏడ్చారు, మంత్రి ఏడ్చాడు. వాన జోరందుకుంది. కిటికీల్లోంచి చూస్తే ఉప్పుకొండ ఎదురుగానే కనిపిస్తోంది.

గురువు ఇక్కడ ఆగి మళ్ళీ గుడ్డ అందుకున్నాడు. సోమిలుడు ఆగలేకపోయాడు. అప్పుడైనా రాజు లేచి గుహకు మనుషుల్ని పంపాడా అని అడిగాడు.

"ఎలా లేస్తాడు నాయనా?" అన్నాడు శంఖపాలుడు. "అంత మంచి పాట. మధ్యలో లేవడం మర్యాద కాదు."