నూతిలోకి పట్టిన అద్దం

జోగారావు మాస్టారిని ఎవరైనా ఏదైనా అడిగితే, ముందు వాళ్ల చేతికొక పని అప్పగించేవారు. ఉద్యోగం నుంచి దిగిపోయాక కూడా రోజూ మా బడికి వచ్చి కూర్చునే ఆయనకు ఆ అలవాటు మాత్రం పోలేదు. జవాబు ఆ పనిలోంచి వస్తే వచ్చినట్టు, రాకపోతే ఇంకో పని.

ఒక మధ్యాహ్నం తవిటినాయుడు వచ్చాడు. ఎప్పుడో వేరే ఊళ్లో ఆయన దగ్గర చదువుకున్నవాడు, ఇప్పుడు మా మండలానికి ఎస్సై. మొహం మాడిపోయి ఉంది.

“ఇటిక బట్టీ పనికని పోయి తిరిగి రానివాడొకడున్నాడు మాస్టారూ, గవరయ్య అని. వాడి పెళ్లాం హైకోర్టులో కేసు వేసింది. మనిషేడీ, ఇన్నాళ్లూ ఏం వెతికారు అని వాయిదా వాయిదాకీ నిలబెట్టి అడుగుతున్నారు. వెతకాల్సింది మేము. జడ్జిగారు కుర్చీ దిగి రారు కదా! అలా అడుగుతూ కూర్చుంటే మనిషి దొరుకుతాడా?”

“అదలా ఉంచు. పొద్దున్న తాడు తెగి బడి చేద నూతిలో పడింది. కాస్త తీసిపెట్టు,” అన్నారు మాస్టారు.

నూతి గట్టున, బడిలో వంట చేసే పైడమ్మ నిలబడి ఉంది. గవరయ్య భార్య, కోర్టుకెళ్లింది ఆవిడే. నాయుడు ఆమెను చూసి, చూపు తిప్పుకుని, తాడు చివర కొక్కేల గుత్తి కట్టాడు.

మా నుయ్యి బాగా లోతు, అడుగు కనబడదు. ఏదైనా పడితే ఒకరు కొక్కేలు వదలాలి, ఇంకొకరు గట్టున నిలబడి అద్దంతో ఎండను లోపలికి మళ్లించాలి. పిల్లలు తల దువ్వుకునే అద్దాన్ని గోడ మేకు నుంచి తీసి మాస్టారే పట్టుకున్నారు. కాసేపటికి చెయ్యి లాగుతోందని గట్టు మీద పెట్టేశారు. నాయుడు ఆ చీకట్లోనే కొంచెం కెలికి తాడు పైకి చేదేశాడు.

“లేదు మాస్టారూ. బురదలో దిగిపోయుంటుంది. కొత్తది కొనుక్కోండి.”

“ఎస్సైగారు లేదన్నాక ఇంక లేనట్టే. ఏం పైడమ్మా?”

పైడమ్మ అద్దం అందుకుని గట్టు మీదకు వంగింది. నూతి అడుగున వెలుగు మరక మళ్లీ కదిలింది. ఎండ జరుగుతున్న కొద్దీ తనూ పక్కకు జరుగుతూ, అద్దం వాలు మార్చుకుంటూ, ఆ వెలుగును నీళ్ల మీద నుంచి పోనివ్వలేదు. అది అక్కడ ఉన్నంతసేపూ తాడు వదిలెయ్యడానికి నాయుడికి మొహం చెల్లలేదు. చొక్కా తడిసిపోయింది. ఒకసారి పట్టు దొరికి జారింది. ఆఖరికి ఓ రాతి వరస కింద ఒరిగిన చేద కొక్కేనికి తగిలి, సొట్టలతో పైకి వచ్చింది.

పైడమ్మ దాని బురద కడుగుతూ అడిగింది.

“బాబూ, మా మావ కోసం బట్టీ కాడికి ఎల్లారా?”

“ఫోన్ చేశామమ్మా. అక్కడ లేడన్నారు.”

“ఎవులన్నారు?”

నాయుడు తాడు చుట్టడం మొదలుపెట్టాడు. “మేస్త్రీ.”

“మావను తోలుకెల్లిందే ఆడు గదా బాబూ!”

ఆమె గొంతు పెంచలేదు. చేద ఎత్తుకుని వంటశాలలోకి వెళ్లిపోయింది. మాస్టారు అద్దం తుడుస్తూ ఉండిపోయారు. నాయుడు మరేమీ అడక్కుండా జీపెక్కాడు.

తర్వాతి వాయిదాకు ముందు అతను స్వయంగా బట్టీకి వెళ్లాడు. మేస్త్రీని పక్కన పెట్టి కూలీలను ఒక్కొక్కరినే అడిగాడు. పచ్చి ఇటికల గోడ కూలి గవరయ్య దాని కింద పడిపోయాడట. ఊపిరి పోయాక, సంగతి బయటికి పొక్కకుండా బట్టీవాళ్లు వాగు పక్కన పూడ్చేశారు. తహసీల్దారు ఎదుట శవాన్ని తవ్వి తీశారు. మొలతాడుకున్న రాగి తాయెత్తును పైడమ్మ గుర్తుపట్టింది. భర్త బతికున్నాడో లేడో తెలియక అన్నాళ్లూ ఆపుకున్న ఏడుపు ఆ రోజు ఊరంతా వినబడింది.

కర్మ అయిపోయాక నాయుడు మళ్లీ బడికి వచ్చాడు. టోపీ ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు.

“అడిగితే మనిషి దొరుకుతాడా అన్నాను మాస్టారూ ఆవేళ. దొరికాడు. ఆవిడ నాకు దణ్ణం పెట్టింది. ఎందుకు పెట్టిందో... తల ఎత్తలేకపోయాను.”

మాస్టారు గోడ మీది అద్దం వైపు చూశారు. అప్పటికే ఎండ వరండా దాటి నూతి అవతలికి జరిగిపోయింది.

“ఆవిడ నూతిలోకి దిగలేదు. చెయ్యి లాగుతున్నా అద్దం దించలేదు,” అన్నారు. “చూశావా, నాయుడూ?”