లాగి చూసిన పోచ

అనగనగా, నడివేసవిలో కూడా వాగులు పారిన రోజుల్లో, ఒక వాగు మీదికి వంగిన తుమ్మచెట్టు ఉండేది. దాని కొమ్మల నిండా గిజిగాళ్ళ గూళ్ళే. గాలి వీస్తే గూళ్ళన్నీ ఒక్కసారి ఊగేవి. కింద నీళ్ళలో వాటి నీడలూ ఊగేవి.

ఆ గిజిగాళ్ళకు ఒక ఆచారం ఉండేది. గూడు అల్లేది మగపిట్ట, ఒప్పుకోవలసింది ఆడపిట్ట. సగం అల్లిన గూటి మీద ఆమె వాలుతుంది. ఒక్కొక్క పోచనూ ముక్కుతో పట్టి లాగి చూస్తుంది. పోచ ఊడివస్తే మారుమాట లేకుండా ఎగిరిపోతుంది. నిలిస్తే ఆ గూటికి ఇల్లాలవుతుంది.

గరిక అనే పిట్టకు ఈ విద్య నేర్పింది ఆమె అవ్వ, రెల్లవ్వ.

"అవ్వా, తాత అల్లిన గూడు కూడా లాగి చూశావా?" అని చిన్నప్పుడు గరిక అడిగేది.

"చూడకుండా ఉంటానా? మీ తాత మీద మనసు పడ్డాను కదా, అందుకని ఇంకాస్త గట్టిగా లాగాను."

"తాతకు కోపం రాలేదూ?"

"గట్టిగా అల్లినవాడికి కోపమెందుకే, పిచ్చిదానా? ఇంకో పోచ కూడా లాగమన్నాడు!"

అవ్వ నవ్వేది. ఆ నవ్వుకు గూడు సన్నగా ఊగేది.

రెల్లవ్వ కిందటి చలికాలంలో పోయింది. ఆమె గూడు మాత్రం రంగు వెలిసి, కొమ్మ చివర అలాగే వేలాడుతూ ఉంది. పొద్దు వాలే వేళ గరిక దాని పక్కన కూర్చునేది. లోపలి తడిమట్టి పూత వాసన ఇంకా పోలేదు.

తొలకరి దగ్గరపడింది. గరిక మొదటిసారి గుడ్లు పెట్టవలసిన ఏడు అది. ఆమె కోసం జమ్ము అనే కుర్రపిట్ట గూడు అల్లుతున్నాడు.

ఆ వేసవిలోనే ఒడ్డున ఉన్న కలివిపొదలోకి ఒక జెముడుకాకి కొత్తగా వచ్చి చేరింది. నల్లని ఒళ్ళు, ఎర్రని కళ్ళు, రెక్కల మీద ఇటుకరంగు శాలువా కప్పుకున్నట్టు ఉండేది. గొంతు కుండలోంచి వచ్చినట్టు లోతుగా పలికేది. చూసినవాళ్ళెవరైనా పెద్దమనిషి అనుకోవలసిందే. దానికి గుడ్లంటే ప్రాణం. కానీ ఎగరడం అంతంతమాత్రం. గిజిగాడి గూటికేమో వాకిలి కిందివైపున, పొడుగాటి గొట్టంలా ఉంటుంది. నీటి మీద వేలాడే ఆ గొట్టంలోకి దూరడం దానివల్ల కాదు. అందుకని మాటలతో పని మొదలుపెట్టింది.

మొదటి రోజు మగపిట్టలను పిలిచింది.

"అల్లుళ్ళూ! ఇంత నేర్పు నేనెక్కడా చూడలేదు. ఆ వేలాడే గొట్టమొక్కటే మీ అల్లికకు దిష్టిబొమ్మలా ఉంది. వాకిలి పైకి పెట్టి నా పొద మీద అల్లారంటే, లోకమంతా వచ్చి చూడదూ? మీలాంటి పనిమంతులకు నేను చెప్పాలా!"

మగపిట్టల ఛాతీలు ఉబ్బాయి.

రెండో రోజు మళ్ళీ పిలిచింది.

"ఇంకా ఇక్కడేనా? దిబ్బ అవతలి వాగు గిజిగాళ్ళు అందరూ ఎప్పుడో పొదల్లోకి దిగారు. మిమ్మల్ని చూసి నవ్వుకుంటున్నారట. నా మాట కాదు, అందరూ అంటున్నదే."

ఆ మధ్యాహ్నానికి సగం మగపిట్టలు పొద మీద వాలాయి. వాటిలో జమ్ము కూడా ఉన్నాడు.

"ఏం బావా, మన గూడు సగంలో వదిలేశావు?" అంది గరిక.

"అది పాతకాలపు అల్లిక. నలుగురూ నవ్వుతుంటే నేను తలెత్తుకోవద్దా?"

"నవ్విన ఆ నలుగురూ ఎవరు?"

"అబ్బ, నీకన్నీ ప్రశ్నలే! అచ్చం మీ అవ్వ పోలిక."

"పొద్దుటినుంచి నువ్వన్న మంచిమాట ఇదొక్కటే" అని గరిక కొమ్మ మీదికి ఎగిరిపోయింది.

మూడో రోజు ఆకాశం మబ్బు పట్టింది. ఈసారి జెముడుకాకి గరికనే పిలిచింది.

"అమ్మడూ, నువ్వు రెల్లవ్వ మనవరాలివి కదూ? చూడగానే పోల్చాను. మీ అవ్వా నేనూ ఎంత స్నేహంగా ఉండేవాళ్ళమని! నా పిల్లను నీ పొదలో పెట్టుకుని చూసుకోమని పోతూపోతూ చెప్పింది, తల్లీ. సాయంత్రానికి గాలివాన వస్తుంది. ఆ కొమ్మ నిలవదు. పిల్లల మీద ప్రేమ ఉన్న తల్లి ఆలోచిస్తూ కూర్చోదు. తర్వాత ఏడిస్తే నా తప్పు లేదు, చెబుతున్నాను."

అవ్వ పేరు వినగానే గరిక కళ్ళు చెమర్చాయి. అవ్వను అంత ఆప్యాయంగా తలిచినవాళ్ళు ఈ మధ్య ఎవరున్నారు? ఆమె రెక్క విప్పింది. ఎగరబోయింది.

అంతలో గాలి వీచింది. పక్కనే అవ్వ గూడు ఊగింది. ఎన్ని వానలు చూసిందో, ఎన్ని ఎండలు చూసిందో, ఒక్క పోచ జారలేదు. మనసు పడ్డ చోట అవ్వ ఇంకాస్త గట్టిగా లాగిన సంగతి గరికకు గుర్తొచ్చింది. పోచను లాగి చూసే ముక్కు నాకుంది, మరి మాటనెందుకు లాగి చూడను, అనుకుంది. రెక్క ముడిచింది.

"పెద్దాయనా, మీరు ఈ వేసవిలో కదా వచ్చారు. అవ్వ చలికాలంలోనే పోయింది. మీరిద్దరూ ఎక్కడ కలిశారు?"

"ఎక్కడేమిటి? అంతకుముందూ వస్తూ పోతూ ఉండేవాణ్ణి."

"కావచ్చు. అవతలి వాగులో అందరూ పొదల్లోకి దిగారన్నారు. ఒక్కరి పేరు చెప్పండి."

"పేర్లా? అందరూ అంటే అందరే!"

"సరే. మేం దిగివస్తే మాకు మేలు అంటున్నారు. మరి మీకేమిటి?"

జెముడుకాకి ఈకలు నిక్కబొడుచుకున్నాయి.

"నిన్న గుడ్డులోంచి వచ్చిన పిల్లవి, నన్ను నిలదీస్తావా? మంచి చెప్పినవాళ్ళకు ఇదా మర్యాద? నీ పొగరు చూస్తే మీ అవ్వ సిగ్గుతో చచ్చేది!"

"మా అవ్వ లాగితే మా తాత ఇంకో పోచ లాగమన్నాడు" అంది గరిక. "మీకు మూడింటికే కోపం వచ్చింది."

పొద మీద వింటున్న జమ్ము ముక్కులోంచి పోచ జారిపడింది. "పద, చూసే వద్దాం. దిబ్బ అవతలికి ఎంతసేపు?" అన్నాడు.

ఇద్దరూ ఎగిరి వెళ్ళారు. అవతలి వాగు మీద ఈతచెట్ల నిండా గూళ్ళు వేలాడుతున్నాయి. అన్నిటి వాకిళ్ళూ కిందికే. ఒక్క గూడు మాత్రం ఒడ్డున పొదలో, వాకిలి పైకి తెరుచుకుని ఉంది. లోపల పగిలిన గుడ్డుపెంకులు, ఒక ఇటుకరంగు ఈక.

"దాని ఊసెత్తకండి నాయనా" అంది అక్కడి ముసలిపిట్ట. "శాలువా కప్పుకుని వచ్చిన పెద్దమనిషి మాట నమ్మి, కిందటేడు మా కోడలు దిగింది."

జమ్ము ఆ ఈకను ముక్కున కరుచుకుని తెచ్చి తుమ్మకొమ్మ మీద పెట్టాడు. అది చూసి పొద మీది మగపిట్టలన్నీ ఒక్కొక్కటే పైకి వచ్చేశాయి. జెముడుకాకి తుప్పల్లోంచి నడుచుకుంటూ ఎటో వెళ్ళిపోయింది.

సాయంత్రం నిజంగానే గాలివాన వచ్చింది. జెముడుకాకి చెప్పినదాంట్లో నిజం ఆ ఒక్కటే. అబద్ధాలు నిలవడానికి మధ్యలో ఒక నిజాన్ని పెట్టి అల్లింది. కొమ్మలు నీటిని తాకేదాకా వంగాయి. అయినా ఏ గూడూ తెగలేదు. గరిక, జమ్ము ఆ వానంతా అవ్వ గూట్లో తలదాచుకున్నారు. తడిమట్టి వాసన వేసింది. ఎవరో నవ్వినట్టు గూడు ఊగింది.

తెల్లవారి జమ్ము తన పాత గూడు మళ్ళీ అందుకున్నాడు. నాలుగు పోచలు అల్లాక గరిక వచ్చి గట్టిగా లాగింది. పోచ నిలిచింది.

"ఇంకోటి కూడా లాగు" అన్నాడు జమ్ము.

అవ్వ గూడు వైపు చూసి గరిక నవ్వింది. ఆ తొలకరికి ఆమె గుడ్లన్నీ పిల్లలై ఎగిరాయి.

అందుకే పిల్లలూ, పొగిడే మాటనూ, అందరూ అన్నారనే మాటనూ, మనవాళ్ళ పేరు చెప్పి తొందరపెట్టే మాటనూ ఒక్కసారి లాగి చూడండి: నిజమైన మాట ప్రశ్నకు నిలుస్తుంది, మోసపు మాట ప్రశ్నిస్తే కోప్పడుతుంది.