బసవక్క తుడిచేసిన జింక

అనగనగా అంటే మరీ అంత పాతకాలం కాదు పిల్లలూ. 1957 మే పద్నాలుగు, మంగళవారం. పొద్దున్నుంచి వడగాలి. సాయంత్రం నాలుగు చినుకులు రాలాయిగాని నేల తడవలేదు. ఆ రోజు ఒక అడవిలో బసవక్క అనే ముసలి ముళ్ళపంది తన గుహ గోడ మీద బొమ్మ మొదలుపెట్టింది. వారం ముందే ఆవిడ ముసలాయన పోయాడు. ఆయన ఎలా ఉండేవాడో మరిచిపోతానేమోనని భయం. అందుకే ఆయన బొమ్మ. రాలిన ముల్లును ఎర్రమట్టిలో ముంచి గీసేది. మా కాలేజీ డ్రాయింగు మాస్టారైతే కుంచెలన్నీ బీరువాలో పెట్టి తాళం వేసేవాడు. సరే, అది వేరే కథ.

ఆ అడవిలో ఒక ఆనవాయితీ ఉండేది. బొమ్మ ఎవరు వేసినా, ఊసరవెల్లి పండితుడు తీర్పు చెప్పేదాకా ఎవరూ తలెత్తి చూడకూడదు. రంగులన్నీ ఒంటిమీదే ఉన్నవాడికి తెలియనిదేముంటుందని వాళ్ళ నమ్మకం. అతను మాత్రం ఒక్క గీత గీసి ఎరగడు.

పండితుడు వచ్చాడు. "ఏం బసవక్కా, ఇది ముళ్ళపందా, అరిగిన చీపురా? జింకను వెయ్యి, చూడ్డానికి బాగుంటుంది" అన్నాడు.

బసవక్క ముసలాయన్ని చెరిపి జింకను వేసింది.

రెండోసారి వచ్చి, "కాళ్ళు లావు" అన్నాడు. సన్నం చేసింది.

మూడోసారి వచ్చి, "ఇప్పుడు కుదిరింది. అందరూ చూడొచ్చు" అన్నాడు. అందరూ తలలెత్తి భేష్ అన్నారు.

బసవక్కకు మాత్రం తిండి సయించలేదు.

"ఏమైందత్తా?" అంది పక్క పొదలో ఉండే కుందేలు సుబ్బులు.

"మీ మామ పోయాక నేనున్నానో లేనో నాకే తెలిసేది కాదే. ఆయన్ని గీస్తున్నంతసేపూ ఉన్నాననిపించేది. ఈ జింకను గీసినంతసేపూ గోడ దగ్గర నేను లేను."

మర్నాడు అందరి ముందే తడి ఆకులతో జింకను తుడిచేసింది.

"మతి పోయిందా? నేను కుదిరిందన్న బొమ్మ! ఇంక నీకు తీర్పు చెప్పను పో" అంటూ పండితుడు ఎర్రబడ్డాడు, తర్వాత పచ్చబడ్డాడు.

"చెప్పకపోతే మానెయ్ నాయనా. కాస్త పక్కకి జరుగు, వెలుతురుకి అడ్డంగా ఉన్నావు" అని బసవక్క ముల్లు ముంచింది.

వంకర వీపు వచ్చింది. కుంటికాలు వచ్చింది. ఆవిడ ముంగాలు వణికితే గీతా వణికింది. గీస్తూ ఏడ్చింది, మధ్యలో ఒకసారి నవ్వింది. చుట్టూ ఉన్నవాళ్ళు తలలు దించుకోవడం మరిచిపోయారు.

"అయ్యో, మామే! నీళ్ళకి పోతున్నాడు!" అని అరిచింది సుబ్బులు.

బసవక్క ఆ కార్తీకంలో పోయింది. మిగిలిన ముళ్ళు సుబ్బులుకు వచ్చాయి. ఎర్రమట్టి గుంట తాబేలుకు వచ్చింది. గుహ గబ్బిలాలకు పోయింది. తీర్పులు చెప్పినందుకు తనకూ వాటా ఉందని పండితుడు మూడు రోజులు గుహ ముందు కూర్చున్నాడు. అతనికి ఏమీ రాలేదు.

నీతి: బొమ్మ బాగుందో లేదో తర్వాత చెప్పుకోవచ్చు, ముందు అందులో వేసినవాళ్ళు ఉండాలి.