ఇసకలో రెండు కళ్ళు

ఇటు తిరిగి పడుకో. పొద్దున కాళ్ళీడ్చి నడవద్దని కసిరానని మూతి ముడుచుకున్నావు కదూ? సరే, కాళ్ళీడ్చి తీరాల్సిన చోటొకటుంది. ఆ కథే చెబుతా. మధ్యలో లేచి మంచినీళ్ళన్నావంటే ఊరుకోను.

అనగనగా ఒక ఊరు. దానికి ఒక పక్క సముద్రం, ఇంకో పక్క ఏరు. ఆ రెండూ కలిసే చోట మోకాలి లోతే నీళ్ళు. ఆ ఊరి ఆడవాళ్ళు పొద్దున్నే నడుముకి బుట్టలు కట్టుకుని ఆ నీళ్ళలో దిగేవారు. ఇసకలో చేతులు పెట్టి కూరకి గుల్లలు ఏరుకునేవారు.

ఆ ఊరికి మెట్ట నుంచి ఒక కొత్త కోడలొచ్చింది. బావిలో తప్ప నీళ్ళు చూసిన మొహం కాదు. వచ్చిన ఏడాదికి కడుపుతో ఉంది. ఐదో నెల. అయినా ఇంట్లో కూర్చోదు, నేనూ గుల్లలకొస్తానంటుంది.

అత్తగారి పేరు నూకరత్నం. మొదటిరోజు మెల్లగా చెప్పింది. "అమ్మాయ్, నీళ్ళలో కాలెత్తి వెయ్యకు. ఇసకలో ఈడ్చుకుంటూ నడువు." రెండోరోజూ చెప్పింది. మూడోరోజు అరిచింది. "ఇసక కింద టేకు చేప పడుకునుంటుందే! కాలు పక్కనుంచి తగిలితే అదే తప్పుకుపోతుంది. మీద తొక్కావో, చచ్చావే!"

కోడలికి నవ్వొచ్చింది. పుట్టింట్లో కాళ్ళీడిస్తే వీపు విమానం మోత మోగేది మరి. పైగా చేపన్నాక ఈదాలి గానీ, ఇసక కప్పుకుని నిద్రపోవడమేమిటి? అత్తగారు కావాలని బెదిరిస్తోందనుకుంది. అప్పుడు, ఆవిడ అటు తిరగ్గానే కాలెత్తి వేసింది. ఒకటి. రెండు. మూడు.

ఓలమ్మో! మూడో అడుగు కింద ఇసక లేచింది!

ఇసక కాదే, చేప! చాటంత ఉంది, అప్పడంలా పల్చగా. చుట్టూ రెక్కలాడించుకుంటూ లేచి కొరడాలాంటి తోక విసిరింది. తోక మీది ముల్లు సర్రున చీలమండలో దిగింది. కోడలు పెట్టిన కేకకి రేవులో పడవలవాళ్ళంతా పరిగెత్తుకొచ్చారు.

అప్పుడు నూకరత్నం కోడల్ని ఎత్తుకొచ్చి ఒడ్డున కూర్చోబెట్టింది. ముల్లు విషం విరగాలని ఓర్చుకోగలిగినంత వేడి నీళ్ళు తెప్పించి కాలు ముంచింది. ఆ పిల్లకి కాలు ధ్యాసే లేదు. పొట్ట పట్టుకుని, "అత్తా, నా బిడ్డకేం కాదుగా?" అని ఒకసారి అడిగింది, రెండుసార్లు అడిగింది, మూడుసార్లు అడిగింది. నూకరత్నం, "బండి కట్టండర్రా!" అని అరిచింది.

అవతల ఆస్పత్రికి బండి కడుతున్నారు. ఆలోగా మరిది అప్పన్న, "మా వదిన్నే పొడుస్తావా!" అంటూ ఆ టేకుని వలేసి ఒడ్డుకి లాక్కొచ్చాడు. అటూ ఇటూ తిరగేశాడు. అబ్బ, అదేం అవతారమే! కళ్ళేమో వీపు మీద, నోరేమో పొట్ట కింద! తను తినే పీత తన కంటికే కనబడదు. కళ్ళ వెనక రెండు కన్నాలు, ఇసకలో ఉన్నప్పుడు ఊపిరికి.

అప్పన్న కత్తెత్తాడు. అప్పుడు టేకు కడుపులోంచి ఏదో జారిపడింది.

అరచేతంత ఉంది. తమలపాకు చిలకలా చుట్టుకునుంది. మెల్లగా విప్పుకుని, కదిలింది! పిల్ల! గుడ్డు కాదు, బతికున్న పిల్ల! ఆ తర్వాత ఇంకొకటి. ఆ తర్వాత మూడోది. అప్పన్న కత్తి ఎత్తినవాడు ఎత్తినట్టే కొయ్యబారిపోయాడు.

"ఓరి దేవుడా, కానుపుకొచ్చిందిరా!" అంది నూకరత్నం. "లోతులో పెద్ద చేపలు పిల్లల్ని మింగేస్తాయని ఇక్కడికొచ్చిందిరా!"

కోడలు ఏడ్చేసింది. "అప్పన్నా, కత్తి దించు. దాన్ని తొక్కింది నేనే. దానికీ కడుపే, నాకూ కడుపే."

అప్పుడు తోక జోలికి పోకుండా తల్లిని వలతోనే నీళ్ళలోకి వదిలారు. పిల్లల్ని బుట్టలో తీసుకెళ్ళారు. మొదటిది తుర్రుమంది. రెండోది తుర్రుమంది. మూడోది మాత్రం కదల్లేదు. కోడలు ఆ కాలితోనే పాక్కుంటూ వెళ్ళి, రెండు చేతులూ దాని కింద పెట్టి, "కదలవే నా తల్లీ, కదలవే" అని బతిమాలింది. ఎంతసేపో. చివరికి అది రెక్కలు టపటపలాడించి, ఇసక ఎగజిమ్మి మీద కప్పుకుంది. బుల్లి కళ్ళు రెండే పైకి మిగిలాయి.

ఆ తర్వాత బండెక్కించారు. డాక్టరమ్మ పొట్ట మీద గొట్టం పెట్టి విని, బిడ్డ బాగుందంది. నాలుగు నెలలకి ఆడపిల్ల పుట్టింది.

ఆ పిల్ల ఎక్కడుందా? అదిగో, పక్క గదిలో గురక పెడుతోంది. మీ అమ్మే! నోరు మూసుకో, దోమ దూరుతుంది. ఏదీ, నీ చెయ్యి ఇలా తే. నా చీలమండ మీద ఈ గుంట తగిలిందా? అదే. ఇంక నేను చెప్పింది గుర్తు పెట్టుకో. ఇంట్లో కాలెత్తి నడువు, సముద్రంలో ఈడ్చి నడువు.

కథేమో కంచికెళ్ళింది,
టేకేమో ఇసకలోకెళ్ళింది,
కాళ్ళీడ్చే పిల్లేమో
కళ్ళు మూసి కలలోకెళ్ళింది.