పోలన్న డప్పు వెలుగు

నాకు లెక్కలు రావు. మా తాతకూ రాలేదు. మా తాత తాతకైతే లెక్కలని ఒకటుంటాయనే తెలియదు. ఆయన పుట్టక ముందెప్పుడో మంచుసీమ అని ఒక రాజ్యం ఉండేదట. ఏడాదికి మూడు నెలలు అక్కడ మంచు దిగేది. అలాంటిలాంటి మంచు కాదు. ఎవరి చెయ్యి వాళ్లకు కనపడదు. దీపం పెడితే దీపాన్నే మింగేసేది.

ఆ రాజ్యంలో పేరుభొట్లు అని ఆస్థాన పండితుడు. వెలుగు మీద ముప్పై గ్రంథాలు రాశాడు. ముప్పైలో ఒక్కటీ మంచులో దారి చూపేది కాదు. ఒక ఏడు పొరుగూరి నుంచి వస్తూ కొండ కనుమలో దారి తప్పాడు. ఇటు అడుగేస్తే లోయ, అటు అడుగేస్తే లోయ. అప్పుడు వినపడింది డప్పు. దెబ్బ పడినప్పుడల్లా కాళ్ల ముందు బారెడు దారి తెల్లగా తేలింది. దెబ్బ ఆగితే మళ్లీ మంచే.

దెబ్బ వెంట దెబ్బ పట్టుకుని పోతే, గడ్డిమంట దగ్గర డప్పు కాచుకుంటూ ఒక మనిషి కనపడ్డాడు.

"ఎవడ్రా నువ్వు?"

"పోలిగాణ్ణయ్యా. మంచు దిగితే ఈడ డప్పు కొడ్త. దారిన పొయ్యేటోళ్లు ఇండ్లకు చేరాలె గద."

"మరి ఆ వెలుగెక్కడిదిరా?"

"ఇగో, దీన్లకెళ్లే. మంట కాడ పెడితే వెలుగు తోలుల దూరుతది. కొడితే మోతై బయటికొస్తది. మోత చెవుల పడితే మళ్ల వెలుగైతది. వెలుగూ మోతా రెండు గావయ్యా, ఒక్కటే. ఇంట్ల ఒక అంగీ, బయట ఒక అంగీ తొడుగుతది."

పేరుభొట్లు నోరు తెరుచుకుని కూర్చున్నాడు. పోలన్న పచ్చజొన్న కంకులు కాల్చి రాల్చి పెట్టిన ఊచబియ్యం కడుపునిండా తిన్నాడు. తిన్నట్టు ఎవరికీ చెప్పొద్దన్నాడు. మర్నాడే సభకు పోయాడు.

"ప్రభూ, వెలుగూ శబ్దమూ ఒక్కటేనని కనిపెట్టాం."

"ఎవరు కనిపెట్టారు?" అన్నాడు రాజు.

"నేనే."

"మీరేనా?" అన్నాడు మంత్రి.

"నేనే."

"నిజంగా మీరేనా?" అంది తెర వెనక నుంచి రాణి.

"నేనేనమ్మా."

అయితే చూపించమన్నారు. పోలన్నను పిలిపించారు. తలుపులు మూసి, తెరలు దించి సభను చీకటి చేశారు. మూలన ఒక్క గడ్డిమంట మాత్రం ఉంచారు. ఆ సభలోకి డప్పు రావడం అదే మొదలు.

"శివశివా, ఆ మోత మన చెవుల్లో పడటమా!" అని పెద్ద పండితుడు రెండు చెవుల్లోనూ దూది కుక్కుకున్నాడు. ఆయన పక్కాయనా కుక్కుకున్నాడు. మర్యాద కోసం రాజుగారూ కుక్కుకున్నారు. రాజుగారిని చూసి మంత్రి, తెర వెనక రాణి, సభంతా కుక్కుకున్నారు. ఇక అందరూ పేరుభొట్లు వంక చూశారు.

మోత చెవిలో పడితేనే వెలుగని పేరుభొట్లుకు తెలుసు. ఆ గదిలో పోలన్న తర్వాత తెలిసినవాడు ఆయనొక్కడే. తెలిసీ రెండు దూది ఉండలు చుట్టి పెట్టుకున్నాడు. ఎందుకంటే అందరూ చూస్తున్నారు.

పోలన్న మంట ఆర్పి ఒకసారి వాయించాడు. ఎవరికీ వెలగలేదు. రెండోసారి వాయించాడు. వెలగలేదు. మూడోసారి చేతులు పడిపోయేదాకా వాయించాడు. "చూడుండ్రి, చూడుండ్రి" అని పిలుస్తూనే ఉన్నాడు. వినేవాడేడీ? ఆ సభంతటిలో వెలుగు చూసింది పోలన్న ఒక్కడే.

తెరలు లేపారు. దూదులు తీశారు. సభ పొట్టచెక్కలయ్యేలా నవ్వింది.

"పేరుభొట్లూ, ఈ పిచ్చిమాట ఎవరిది?" అన్నాడు రాజు.

"వీడిదే ప్రభూ."

"మొన్న మీదేనన్నారే?" అన్నాడు మంత్రి.

"వీడిదే. వీడి మాట నమ్మి చెడ్డాను."

పోలన్న ఆయన ముఖంలోకి చూడలేదు. ఆయన చెవి వంక చూశాడు. అక్కడింకా ఒక దూదిపోగు వేలాడుతోంది.

"అవు దొరా. మాట నాదే" అన్నాడు. అంతే అన్నాడు.

డప్పు తోలు చీల్చి చేతికిచ్చి పంపేశారు. అందరికీ దారి చూపినవాడు ఆ సాయంత్రం దారి కానక లోయలో పడ్డాడు. మూడోనాడు దొరికాడు.

కబురు విని పేరుభొట్లు పోలన్న గుడిసెకు పోయాడు. పోలన్న పెండ్లాం ఎర్రమ్మ గడపలో కూర్చుని ఉంది.

"సభల మావోడు కొట్టంగ ఇన్నవా అయ్యా?" అంది ఎర్రమ్మ.

"లేదమ్మా."

"బతికున్నప్పుడు ఇననోనివి సచ్చినంక ఏం ఇనొచ్చినవ్?"

ఎర్రమ్మ లేచి, చీలిన డప్పు తెచ్చి ఆయన కాళ్ల ముందు పడేసింది.

"కనుమల జనం తిప్పలు పడుతున్నరు. పో."

పేరుభొట్లు తోలు కొత్తది వేయించాడు. కనుమలో గడ్డిమంట వేసుకుని కూర్చున్నాడు. ఆయన వాయింపుకు మేకలు బెదిరేవి. బారెడు వెలుగు జానెడయింది. అయినా ఏటేటా మంచు దిగగానే పోయేవాడు. దాటిపోయే ప్రతి మనిషినీ ఆపి ఒకటే చెప్పేవాడు: "వెలుగుతుందనుకున్నన్నాళ్లూ నాదన్నాను. వెలగకపోతే పోలన్నదన్నాను." కొందరు నవ్వారు. కొందరు ఉమ్మేశారు. కొందరు విని ఊరుకున్నారు. ఊరుకున్నవాళ్ల ముందే ఆయనకు తల ఎత్తబుద్ధయ్యేది కాదట.

తప్పు పక్కవాడి మీదికి నెట్టేవాణ్ణి చూస్తే ఆ సీమలో ఇప్పటికీ "వెలిగితే నాది, వెలగకపోతే పోలన్నది" అంటారు. మంచు మొదలైన రోజున డప్పు కొట్టేవాడు మంట ముందు నిలబడి "ఎవరిదీ వెలుగు?" అని మూడుసార్లు అడుగుతాడు. జనం మూడుసార్లూ "పోలన్నదీ!" అంటారు. ఆ తర్వాతే మొదటి దెబ్బ. పేరుభొట్లు వంశంవాళ్లు మాత్రం పక్కవాళ్ల కంటే కాస్త గట్టిగా అంటారట.