పైడితల్లి మంచం పక్కన చదివిన పేపరు

ప్రభంజన్‌కి కోపం వచ్చింది. ఆ కోపం న్యాయమైనదే.

అతను వైద్య కళాశాలలో పీజీ చేస్తున్నాడు. కాలేజీ లైబ్రరీలో కూర్చుంటే ప్రపంచంలోని వైద్య పత్రికలన్నీ తెరుచుకుంటాయి. గేటు దాటి రోడ్డెక్కితే అవే పత్రికలు మూసుకుపోతాయి. తెర మీద తాళం బొమ్మ, దాని కింద డాలర్లలో ధర. కొండమీది ఆసుపత్రిలో ఒంటరిగా పనిచేసే స్నేహితుడు ఒక్క పరిశోధన పేపరు కోసం బతిమాలుతూ ఫోన్ చేసినప్పుడు ప్రభంజన్ ఇక ఊరుకోలేకపోయాడు.

"రోగాలు జనానివి. పరిశోధనకి పెట్టిన డబ్బు జనానిది. తాళం మాత్రం పత్రికల కంపెనీదా? జ్ఞానం ఎవడబ్బ సొమ్ము?" అని క్యాంటీన్ బల్ల గుద్దాడు.

ఆదివారం మధ్యాహ్నం లైబ్రరీలో కూర్చుని చిన్న ప్రోగ్రాం ఒకటి రాసి వదిలాడు. అది పేపరు వెంట పేపరు లాగుతూ పోయింది. సాయంత్రానికి వేల పేపర్లు అతని హార్డ్‌డిస్కులోకి వచ్చి పడ్డాయి.

సోమవారం పొద్దున లైబ్రరీలో ఏ పత్రికా తెరుచుకోలేదు. అంత వేగంగా లాగుతున్నది మనిషి కాదని కంపెనీ యంత్రం పసిగట్టి, కాలేజీ మొత్తానికి తలుపు వేసేసింది.

"గోడ మీరు పగలగొట్టారు సార్, ఇల్లు మా అందరి మీదా పడింది" అంది లైబ్రేరియన్.

ప్రభంజన్ తల దించలేదు. డిస్కు జేబులో వేసుకుని తన ప్రొఫెసర్ మెహరున్నీసా మేడమ్ గదికి వెళ్లాడు. ఆమె చాలా తక్కువ మాట్లాడుతుంది. ఆమె మౌనానికి ఆ కాలేజీలో అందరూ భయపడతారు.

డిస్కు ఆమె బల్ల మీద పెట్టాడు.

"మొత్తం ఇందులో ఉంది మేడమ్. ఇక ఎవడి దయా అక్కర్లేదు."

ఆమె దాన్ని చేతిలోకి తీసుకుని బరువు చూసినట్టు చూసింది.

"తాళం వెయ్యడం తప్పే. నేనూ అదే అంటాను" అంది. "పైడితల్లికి కావలసింది ఇందులో ఉందా?"

ప్రభంజన్ ముఖం మారింది.

పైడితల్లి వాళ్ల వార్డులో ఉంది. నాట్లు వేసే మనిషి. తడిమట్టిలో ఉండే ఒక క్రిమి కాలి పుండులోంచి ఒంట్లోకి వెళ్లింది. క్రిమిని పట్టుకున్నారు, దానికి పనిచేసే మందూ మొదలుపెట్టారు. వారం గడిచినా జ్వరం దిగలేదు. మందు మార్చేద్దామన్నాడు ప్రభంజన్. ఈ జ్వరం ఎలా నడుస్తుందో ముందు చదివి రమ్మంది మేడమ్. సరేనన్నాడు. తర్వాత తాళాలు పగలగొట్టే పనిలో పడి ఆ మాటే మరిచిపోయాడు.

లాప్‌టాప్ తెరిచి వెతికాడు. ఫైళ్లకి పేర్లు లేవు, అన్నీ అంకెలే. చాలాసేపటికి ఒకటి దొరికింది. సముద్రానికి అవతల, వరి పండే ఒక దేశంలో ఎప్పుడో రాసిన పేపరు.

"ఉంది మేడమ్!"

"ఇక్కడ చదవకు. పద."

వార్డులో ఆమె తన చేత్తోనే స్టూలు లాక్కొచ్చి పైడితల్లి మంచం పక్కన వేసింది. తాను నిలబడే ఉంది.

"కూర్చో. పేపరులోని రోగుల పట్టికలో ఒక్కో వరుసా చదువు. పైకి, తెలుగులో."

"పేషెంటు ముందా మేడమ్?"

ఆమె చేత్తో స్టూలు చూపించింది.

ప్రభంజన్ మొదలుపెట్టాడు. "రైతు, మగ మనిషి. అదే మందు కొనసాగించారు. జ్వరం నెమ్మదిగా దిగింది. బతికాడు." తర్వాతి వరుస. "ఆడమనిషి. నాట్ల కూలీ…"

పైడితల్లి కళ్లు తెరిచింది. ఎండిపోయిన పెదాలతో అడిగింది.

"ఏటి బాబూ సదువుతున్నావు? నా ఇసయమా?"

"కాదమ్మా. ఇదే జబ్బు వచ్చినవాళ్ల గురించి. వేరే దేశంలో."

"ఆలూ మాలాగే బురదలో దిగేవోలేనా?"

"అవునమ్మా."

"అలగైతే మావోలే. సదువు."

అతను చదివాడు. ఆమె ఒక్కొక్కరికీ "ఊఁ" కొడుతూ వింది, కథకి ఊకొట్టినట్టు. బతికాడంటే "మంచిది నాయనా" అంది. జ్వరం చాలా రోజులకి గాని దిగలేదంటే "నాకూ అంతే కదేటి" అని నిట్టూర్చింది. పక్క మంచాలవాళ్లు కూడా మాటలు ఆపి వింటున్నారు.

ఒక వరుస దగ్గర ప్రభంజన్ ఆగాడు.

"సెప్పు బాబూ."

"ఈవిడకి జ్వరం దిగలేదని తొందరపడి మందు మార్చారు." అతను తర్వాతి గడి చూశాడు. "పోయింది."

"పేరేటి?" అంది పైడితల్లి.

"పేరు రాయరమ్మా."

"పిల్లలున్నారేటి?"

"అదీ రాయలేదు."

పైడితల్లి సెలైన్ లేని చెయ్యి ఎత్తి నుదుటికి ఆనించుకుంది. లాప్‌టాప్ తెర వైపు తిరిగి దణ్ణం పెట్టింది.

"ఆ తల్లి పోబట్టే కదా నా మందు ఇదని మీకు తెలిసింది."

ప్రభంజన్ తెర వంక చూశాడు. అవే అక్షరాలు, అవే అంకెలు. వాటి వెనక వరుసగా మంచాలు కనిపించాయి అతనికి. ఏ మంచం మీదా పేరు లేదు. అందరూ బురదకాళ్లతో పడుకుని, తమకి తెలియని భాషలో, ఎప్పుడూ చూడని ఒక ఊరి కూలిమనిషికి ఏదో చెబుతున్నారు. వాళ్లు ఏ తాళమూ వెయ్యలేదు. ఏ ధరా అడగలేదు. ఎప్పుడు లేచి నిలబడ్డాడో అతనికే తెలియలేదు.

మిగతా వరుసలు నిలబడే చదివాడు.

మందు మార్చలేదు.

లైబ్రరీకి వెళ్లి తన పేరుతో క్షమాపణ రాసి సంతకం పెట్టాడు. పత్రికల తలుపు ఇంకా తెరుచుకోలేదు. కంపెనీ మీద అతని కోపమూ తగ్గలేదు. కానీ రోజూ పొద్దున ముందు పైడితల్లి నుదుటి మీద చెయ్యి వేసి చూసేవాడు. ఒక పొద్దున ఆ నుదురు చెమటతో చల్లగా తగిలింది.

"ఆకలేస్తన్నాది బాబూ" అంది ఆమె. గంజి తాగి, మూతి తుడుచుకుని అడిగింది. "నా ఇసయం కూడా రాత్తారేటి ఆ కాయితంలో?"

"నువ్వు ఒప్పుకుంటే రాస్తాం అమ్మా."

"రాయండి. ఇంకెవులికైనా పనికొత్తాది."

ప్రభంజన్ మేడమ్ వైపు తిరిగాడు. నినాదాలన్నీ కంఠతా వచ్చిన అతనికి ఆమె గురించి రాయడం ఎక్కడ మొదలుపెట్టాలో తెలియలేదు.

మెహరున్నీసా తన కోటు జేబులోంచి పెన్ను తీసి అతని చేతిలో పెట్టింది.

"పట్టికలో ఆవిడకి దక్కేది ఒక్క వరుసే" అంది. "నెమ్మదిగా రాయి."